ఎనభై నాలుగు గిన్నెల పెండింగు

రామసాగరం పట్టణంలో జనం కలిసిమెలిసి ఉంటున్నారన్న మాట చాలాకాలంగా వినిపిస్తోంది గాని, దానికి ఆధారం ఏమిటని ఎవరూ అడగలేదు. అడిగేవారు లేక ఆ వ్యవహారం అలాగే నడిచిపోయింది. చివరికి ఒక రోజున ప్రభుత్వం వారి దృష్టిలో పడింది. ఒక కొలతంటూ లేకుండా ఇన్నేళ్ళపాటు వీళ్ళు ఒకరింటికి ఒకరు ఎలా వెళ్ళి వస్తున్నారో పై అధికారులకు అంతుపట్టలేదు. వెంటనే ఒక సంస్థ పెట్టారు. దాని పేరు ఇరుగుపొరుగు బంధాభివృద్ధి సంస్థ.

సంస్థకు ఒక నిపుణుల సంఘం, ఆ సంఘానికి ఒక ఉపసంఘం ఏర్పడ్డాయి. పద్నాలుగు నెలలు కూర్చుని, బోలెడన్ని టీలు తాగాక, ఉపసంఘం ఒక సంగతి కనిపెట్టింది. ఇరుగుపొరుగు బంధానికి ప్రమాణం గిన్నె. ఒక ఇంట్లో వండిన కూరో పచ్చడో గిన్నెలో పెట్టుకుని పక్కింటికి వెళితే అక్కడ ఒక బంధం ఉన్నట్టు. ఎన్ని గిన్నెలు తిరిగితే అంత బంధం. బియ్యాన్ని కేజీల్లోనూ పాలను లీటర్లలోనూ కొలుస్తున్నప్పుడు ఆత్మీయతను మాత్రం ఊరికే ఎందుకు వదిలిపెట్టాలి? ఇక మీదట దాన్ని గిన్నెల్లో కొలవాలని జీవో వచ్చింది.

మొదటి విడతకు హౌసింగ్ బోర్డు వారి అద్దె క్వార్టర్లను ఎంచుకున్నారు. మూడు బ్లాకులు, ఎనభై నాలుగు ఇళ్ళు. సంస్థకు అక్కడొక ఆఫీసు కావాలి. బి బ్లాకు కింద ఒక గది ఉండేది. సాయంత్రాలు ఆడవాళ్ళంతా అందులో కూర్చుని చిక్కుడుకాయలు ఒలుచుకుంటూ లోకం సంగతులన్నీ మాట్లాడుకునేవారు. ఆ గదిని ఖాళీ చేయించి బంధాభివృద్ధి కార్యాలయం అని బోర్డు పెట్టారు. గుమ్మం పక్కనే 'ఇక్కడ కూర్చోరాదు' అని ఇంకో చిన్న బోర్డు పెట్టారు.

అదే బ్లాకులో రెండో అంతస్తున మంగతాయారు ఉంటుంది. బస్సు డ్రైవరు సూర్రావు భార్య. నోరు కాస్త పెద్దది, మనసు మాత్రం వెన్న. ఎదురు గుమ్మం జైనబ్బీది. జాకెట్లు కుట్టుకుంటూ ఒక్కతే ఉంటుంది. పదకొండేళ్ళ కిందట ఆమె కుట్టుమిషనుతో సహా వచ్చి దిగిన రోజున, ఇంకా ఆ ఇంట్లో పొయ్యి వెలగలేదని చూసి, మంగతాయారు గిన్నెడు గోంగూర పప్పు తీసుకెళ్ళి ఇచ్చింది. స్టీలు గిన్నె. పెళ్ళికి పుట్టింటివాళ్ళు పెట్టింది. అంచు కింద చుక్కలు చుక్కలుగా 'మంగ' అని పేరు కొట్టించి ఉంటుంది.

రెండు రోజులకు ఆ గిన్నె సేమియా పాయసంతో తిరిగొచ్చింది. గిన్నెను ఖాళీగా తిరిగివ్వకూడదన్నది అక్కడ ఎవరికీ ఎవరూ చెప్పక్కర్లేదు. ఇంట్లో ఏమీ లేకపోతే చిటికెడు పంచదారైనా వేసి ఇస్తారు. పాయసం తిన్నాక మంగతాయారు ఊరుకునే మనిషా? పులిహోర చేసి అదే గిన్నెలో పట్టుకెళ్ళింది. అలా పదకొండేళ్ళుగా ఆ గిన్నె నాలుగడుగుల వసారాకు ఇటూ అటూ తిరుగుతూనే ఉంది. అది తన ఇంట్లో వరసగా మూడు రోజులున్న జ్ఞాపకం మంగతాయారుకు లేదు.

సంస్థ తరఫున ముందుగా వచ్చినవాడు భీమేశ్వరరావు. ఉద్యోగం ఆత్మీయతా సహాయకుడు. అంతకు ముందు ఇరవై రెండేళ్ళు మలేరియా శాఖలో పనిచేశాడు. ఇంటింటికీ తిరిగి తొట్లూ కుండలూ బోర్లించి, దోమలు గుడ్లు పెట్టాయేమో చూసేవాడు. పాత్రలతో అనుభవం ఉందని అతన్ని ఇటు పంపారు. జైనబ్బీ వంటింట్లో గిన్నె కనపడగానే, పాత అలవాటు పోక, ముందు దాన్ని బోర్లించాడు.

"ఇది మీది కాదు కదండీ. మంగ అని రాసుంది."

"మా అక్కదండి. ఎదురింటావిడ."

"ఎప్పుడొచ్చిందండి?"

"నిన్న బీరకాయ పచ్చడి పెట్టి ఇచ్చింది."

"అది కాదండి. మొట్టమొదట ఎప్పుడొచ్చింది?"

జైనబ్బీ కాస్త ఆలోచించింది. "నేనీ ఇంట్లో దిగిన రోజునండి."

భీమేశ్వరరావు ట్యాబులో ఎక్కించుకుని, గిన్నె అడుగున స్టిక్కరు అంటించాడు. బి బ్లాకు, గిన్నె నంబరు ఒకటి. ఇక మీదట గిన్నె గుమ్మం దాటిన ప్రతిసారీ కింద ఆఫీసులో చూపించి వెళ్ళాలని చెప్పాడు. చూపించకుండా ఇస్తే అది అనధికార ఆత్మీయత కిందికి వస్తుంది.

గొంతు విని ఎదురు గుమ్మంలోంచి మంగతాయారు వచ్చింది. "నాలుగడుగుల దూరానికి రెండంతస్తులు దిగి ఎక్కమంటారా?"

"ఎక్కాలండి మరి. లేకపోతే మీరిద్దరూ కలిసున్నట్టు రుజువేదండీ?"

రుజువు కోసం కాలనీ అంతా మెట్లు దిగి ఎక్కింది. చారు గిన్నెలు కిందికి వెళ్ళి పైకి వచ్చేసరికి సగానికి సగం ఒలికిపోయేవి. మెట్లన్నీ చింతపండు వాసన వేశాయి. అయినా ఎవరూ మానలేదు. ఏడు నెలలు తిరిగేసరికి ఆత్మీయతలో ఆ కాలనీ జిల్లాకే మొదటిదని తేలింది. పై నుంచి పెద్ద షీల్డు వచ్చింది. దాన్ని కింది గదిలో, ఎవరూ కూర్చోకూడని చోట, గోడకు తగిలించారు.

మార్చి నెల రాగానే కథ అడ్డం తిరిగింది. ప్రధాన కార్యాలయంలో ఎవరో కంప్యూటరులో రెండో గడి కూడా చూశారు. ఆ కాలనీలో ప్రారంభమైన బంధాలు మూడు వేల రెండు వందలు. పూర్తయినవి సున్నా. అంత పెండింగు ఏ శాఖలోనూ, ఏ కాలంలోనూ లేదు. దాంతో బంధాధికారి పరంజ్యోతి గారు స్వయంగా బయలుదేరి వచ్చారు.

ఆఫీసు గదిలో కూర్చోకూడదు గనక సమావేశం బ్లాకుల మధ్య ఎండలో జరిగింది. పరంజ్యోతి గారు గొంతు సవరించుకున్నారు.

"గౌరవనీయులైన పొరుగువారలారా. బంధములను ప్రారంభించుటలో మీరు చూపిన ఉత్సాహము ప్రశంసనీయము. అయితే వాటిని సకాలములో ముగించుటలో తీవ్రమైన అలసత్వము కానవచ్చుచున్నది. ఈ పరిస్థితిని సంస్థ ఆందోళనతో గమనించుచున్నది."

"ముగించడమంటే ఏంటండీ?" అంది మంగతాయారు.

"గిన్నె ఖాళీగా యజమానికి చేరుట. అప్పుడే సదరు బంధము విజయవంతముగా పూర్తయినట్లు పరిగణింపబడును. గిన్నెలో ఏ పదార్థమున్ననూ, అట్లు తిరిగి ఇచ్చినవారి పేరు మీదనే పెండింగు నిలిచియుండును."

"ఖాళీగా ఎలా ఇస్తారండీ ఎవరైనా?" అని వెనక నుంచి ఒకావిడ అడిగింది.

"కడిగి," అన్నారు పరంజ్యోతి గారు.

తరువాత తొమ్మిదో నిబంధన చదివారు. మార్చి ముప్పై ఒకటో తారీకు సాయంత్రం ఐదు గంటలకు ఎవరి పేరు మీద పెండింగు ఉంటుందో, వారిని రైల్వే గేటు అవతలి క్వార్టర్లకు మార్చేస్తారు. పాత బంధాలు ముగింపుకు అడ్డు వస్తున్నాయి గనక, కొత్త మనుషుల మధ్య అన్నీ మొదటినుంచి ప్రారంభించుకోవడానికి అదొక సదవకాశం. జాబితాలో మొదటి పేరు చదివారు. గిన్నె నంబరు ఒకటి, పెండింగు పదకొండు సంవత్సరాలు, ప్రస్తుతం గిన్నె ఎవరి దగ్గరుందో వారి పేరు జైనబ్బీ.

మంగతాయారు గబుక్కున జైనబ్బీ వైపు తిరిగింది. రైల్వే గేటు అవతల జైనబ్బీకి ఎవరు తెలుసు? జాకెట్టు కొలతలిచ్చే ఆడవాళ్ళంతా ఇక్కడివాళ్ళే. అదీ అసలు సంగతి కాదు. మోకాలి ఆపరేషనయి మూడు నెలలు మంచం మీదున్నప్పుడు తనకు జడ వేసిందెవరు? సూర్రావు డ్యూటీకి పోతే సాయంత్రం ఆరు నుంచి తొమ్మిది దాకా తన మాటలన్నీ వినేదెవరు? జైనబ్బీ లేకపోతే తనకు సాయంత్రాలు లేవు. ఆ సంగతి ఇన్నాళ్ళూ ఆమె ఎప్పుడూ అనుకోలేదు. ఇప్పుడు అనుకుంటే కళ్ళమ్మట నీళ్ళొచ్చాయి.

"ఖాళీగా ఇచ్చేయమను, గొడవ వదిలిపోద్ది," అన్నాడు సూర్రావు. "గిన్నేగా."

"మీకు తెలీదు, ఊరుకోండి," అంది మంగతాయారు.

మర్నాడు భీమేశ్వరరావు వసారాలో స్టూలు వేసుకుని, టార్చిలైటూ చిన్న తూనికయంత్రమూ పెట్టుకుని కూర్చున్నాడు. జైనబ్బీ కడిగిన గిన్నె తెచ్చి తలవంచుకుని మంగతాయారుకు అందించబోయింది. భీమేశ్వరరావు మధ్యలో అందుకుని బోర్లించాడు. టక్కున ఏదో కింద పడింది.

"లవంగమండి."

"ఎలా వచ్చిందో మరి," అంది జైనబ్బీ.

సాయంత్రం గిన్నెలో కరివేపాకు రెబ్బ ఉంది. ఆ మర్నాడు నాలుగు పంచదార పలుకులు అడుగుకు అంటుకుని ఉన్నాయి. భీమేశ్వరరావు టార్చి వేసి చూసి పట్టుకున్నాడు. మిగతా ఇళ్ళలోనూ ఇదే వరస. ఎ బ్లాకులో ఒకావిడ గిన్నె ఖాళీగానే ఇచ్చింది గాని, పైన పెట్టిన మూత అడుగున వేడి గారె అంటించి ఉంది. సి బ్లాకులో ఒక పెద్దావిడ ఖాళీ గిన్నె తెచ్చి, అతను చూస్తుండగానే కొంగు ముడి విప్పి రెండు ఎండుద్రాక్షలు వేసి, "ఇప్పుడు ఇస్తాను, నువ్వటు తిరుగు నాయనా," అంది.

"మావి కావండీ ఈ రూల్సు," అని మొత్తుకున్నాడు భీమేశ్వరరావు. "నేను రాసుకోకపోతే నన్ను మళ్ళీ దోమల్లోకి పంపేత్తారండి."

ఇరవై ఏడో తారీకున జైనబ్బీ ఇంకో దారి లేక గిన్నె ఖాళీగా తెచ్చింది. మంగతాయారే అలా తెమ్మని బతిమాలింది. గిన్నె తళతళలాడుతోంది. అడుగున ఏమీ లేదు. ఇచ్చేటప్పుడు జైనబ్బీ మొహం పక్కకు తిప్పుకుంది.

"మా అమ్మ చూస్తే నన్ను గడప తొక్కనివ్వదక్కా," అంది.

మంగతాయారు గిన్నె తీసుకుంది. భీమేశ్వరరావు ట్యాబు మీద వేలు నొక్కాడు. ట్యాబు నుంచి చప్పట్ల శబ్దం వచ్చింది. 'అభినందనలు. మీ బంధం విజయవంతంగా ముగిసినది' అని అక్షరాలు పడ్డాయి. ఆ రెండు రోజుల్లో మిగిలిన ఇళ్ళవాళ్ళు కూడా అలాగే ముగించుకున్నారు. ముగిసినవి మళ్ళీ మొదలు కాకుండా ముప్పై ఒకటి దాకా ఒక ఇంటి నుంచి ఇంకో ఇంటికి గిన్నె పోకూడదని పరంజ్యోతి గారు కబురు పంపారు.

కాలనీ చప్పబడిపోయింది. మంగతాయారు గిన్నె ఆమె వంటింటి అలమారులో వరసగా నాలుగు రోజులుంది. పెళ్ళయినప్పటి నుంచీ అది ఆమెదే. అయినా చూసినప్పుడల్లా పరాయివాళ్ళ సామాను ఇంట్లో పెట్టుకున్నట్టుండేది. ఎదురు తలుపు తట్టాలంటే చేతిలో ఏదో ఒకటి ఉండాలి. ఉత్త చేతులతో ఏమని వెళుతుంది? జైనబ్బీకీ అదే మొహమాటం. నాలుగు రోజులూ మిషను చప్పుడు వినపడుతూనే ఉంది గాని తలుపు తెరుచుకోలేదు. రెండు గుమ్మాల మధ్య దూరం ఎంతో మంగతాయారుకు మొదటిసారి తెలిసింది.

ముప్పై ఒకటో తారీకున, పెండింగు లేని కాలనీగా ప్రకటించడానికి, సభ పెట్టారు. షామియానా వేశారు, మైకు పెట్టారు. అతిథుల కోసం రెండు వందల కాజాలు తెప్పించి ఆఫీసులో దాచారు. పొద్దున పదింటికి రావలసిన అతిథులు నాలుగున్నరకు వస్తామన్నారు. జీపు వాళ్ళకోసం వెళ్ళిపోయింది. దగ్గరలో హోటలేదీ లేదు. కాజాల మీద చెయ్యి వేయడానికి వీల్లేదు, అవి అతిథులవి. మధ్యాహ్నం ఒంటిగంటన్నరకు పరంజ్యోతి గారూ భీమేశ్వరరావూ షీల్డు కింద నిలబడి ఒక బిస్కట్టు ప్యాకెట్టును పంచుకుంటున్నారు.

మంగతాయారు పైనుంచి చూసింది. ఆ అధికారి మీద ఆమెకు కోపం లేకపోలేదు. తన సాయంత్రాలను పాడుచేసినవాడు. కాని అన్నం వేళకు మనిషి బిస్కట్టు తింటుంటే చూస్తూ ఊరుకునే అలవాటు ఆమెకు లేదు. పొయ్యి మీద దప్పళం ఉంది. అలమారు తీసింది. చేతికి ఆ గిన్నే వచ్చింది. కిందికి దిగి, "అన్నం కూడా పంపిస్తాను, ముందిది కానివ్వండి," అని బల్ల మీద పెట్టి వెళ్ళిపోయింది.

ఈ సంగతి మిగతా బాల్కనీల నుంచి అందరూ చూశారు. నాలుగు రోజులుగా ఎవరికీ ఏమీ పెట్టక చేతులు దురద పెట్టి ఉన్న జనం. ఇంటికీ ఇంటికీ మధ్య వద్దన్నారు గాని ఆఫీసుకు పెట్టవద్దని ఎవరూ అనలేదు. ముద్దపప్పు వచ్చింది, గుత్తివంకాయ వచ్చింది, పనసపొట్టు కూర వచ్చింది. జైనబ్బీ తన గిన్నెలో ఖీమా తెచ్చింది. గంట తిరిగేసరికి ఆ బల్ల మీదా కుర్చీల మీదా నేల మీదా గిన్నెలే. ఇద్దరూ తిన్నంత తిన్నారు. తరువాత షామియానా వేసినవాళ్ళు తిన్నారు, మైకువాళ్ళు తిన్నారు. తినేవాళ్ళంతా ఆ గదిలోనే, చిన్న బోర్డు పక్కనే, చక్కగా కూర్చుని తిన్నారు.

భీమేశ్వరరావు డ్యూటీ మరిచేవాడు కాదు. వచ్చిన ప్రతి గిన్నె స్టిక్కరునూ ట్యాబుకు చూపించాడు. అన్నీ కడిగించి బోర్లించాక ట్యాబు ఎర్రగా వెలిగి కుయ్యిమంది.

"ఏంటది?" అన్నారు పరంజ్యోతి గారు.

"పెండింగండి. ఎనభై నాలుగు."

"ఎవరి పేరు మీద?"

"అన్నీ ఒకళ్ళ పేరు మీదేనండి." భీమేశ్వరరావు నీళ్ళు నమిలాడు. "మన ఆఫీసు పేరు మీదండి."

గడియారంలో మూడున్నర. పరంజ్యోతి గారు లేచారు. ఐదు లోపల అన్నీ ఖాళీగా ఎవరివి వాళ్ళకు అప్పగిస్తే నిబంధన ప్రకారం సరిపోతుంది. మొదటి గిన్నె తానే తీసుకుని రెండంతస్తులూ ఎక్కి మంగతాయారు తలుపు కొట్టారు. వెనకే తూనికయంత్రంతో భీమేశ్వరరావు.

మంగతాయారు తలుపు తీసింది. పరంజ్యోతి గారు గిన్నె ముందుకు చాచారు. ఆమె అందుకోబోయింది. గిన్నె ఆయన చేతిలోంచి రాలేదు. రెండోసారి లాగింది. అప్పుడూ రాలేదు. ఆయన గిన్నె అడుగు చూస్తూ నిలబడ్డారు. అందులో ఆయన మొహం తప్ప ఏమీ లేదు.

"దప్పళం బాగుందండి," అన్నారు. ఆ మాట సర్క్యులరు భాషలో లేదు. "మా అమ్మ కూడా ముల్లంగి ఇలాగే పెద్ద ముక్కలు వేసేది."

"ఇంకాస్త ఉంది, తెమ్మంటారా?"

"వద్దండి. ఒక్క నిమిషం ఉండండి."

గబగబా కిందికి వెళ్ళారు. ఆయాసపడుతూ పైకి వచ్చారు. గిన్నెలో రెండు కాజాలున్నాయి. భీమేశ్వరరావు అలవాటు కొద్దీ గిన్నె తీసుకుని తూచాడు.

"సార్, నూట పది గ్రాములండి."

"తెలుసు."

"పెండింగు మన పేరు మీదే ఉండిపోద్దండి."

"ఉండనీవయ్యా," అన్నారు పరంజ్యోతి గారు విసుగ్గా. "తిన్న గిన్నె ఉత్తిగా ఎలా ఇస్తాం? నిన్నెవరూ పెంచలేదా?"

మిగిలిన ఎనభై మూడు గిన్నెలకూ ఇద్దరూ మెట్లు ఎక్కి దిగారు. ఇంటికి రెండేసి కాజాల చొప్పున ఇచ్చారు. అతిథులకు మిగిలినవి ముప్పై రెండు.

ఆ తరువాత జరిగినదంతా కాగితాల మీద జరిగింది. తొమ్మిదో నిబంధన కింద ఆ కాలనీలో పెండింగు ఉన్నది ఒక్కరికే. నిబంధనకు మినహాయింపులు లేవు గనక, సదరు కార్యాలయాన్ని షీల్డుతో సహా రైల్వే గేటు అవతలికి మార్చి, కొత్తవారి మధ్య మొదటినుంచి ప్రారంభించుకోవలసిందిగా ఉత్తర్వులు వచ్చాయి. ఇక కాలనీ సంగతి. బంధాలన్నీ విజయవంతంగా ముగిసిపోయిన ప్రాంతంగా దాన్ని నమోదు చేసి, అక్కడ ప్రభుత్వం చేయవలసింది ఇంకేమీ లేదని ఫైలు మూసేశారు. చిక్కుళ్ళు మళ్ళీ కింది గదిలోకి వచ్చాయి. చిన్న బోర్డును ఎవరూ పీకలేదు. దాని మేకుకు చేటలు తగిలిస్తున్నారు.

అయితే మంగతాయారు ఉత్తర్వుల కోసం ఆగలేదు. ఆ రోజు నాలుగూ నలభైకి, నిషేధం ఇంకా ఉండగానే, కాజాల గిన్నె పట్టుకుని తలుపు తీసింది. సరిగ్గా అప్పుడే ఎదురు తలుపు కూడా తెరుచుకుంది. జైనబ్బీ చేతిలోనూ ఒక గిన్నె ఉంది. అందులోనూ అవే రెండు కాజాలు.

ఇద్దరూ ఒకరి గిన్నెలోకి ఒకరు చూసుకున్నారు. నాలుగు రోజుల తరువాత మంగతాయారుకు నవ్వొచ్చింది. నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంది.

"నాకు బెంగెట్టుకుందే జైనబ్బీ," అంది.

"మరి రావచ్చుగా అక్కా."

"ఉత్త చేతుల్తోనా?"

గిన్నెలు మార్చుకున్నారు. సి బ్లాకు నుంచి వస్తున్న భీమేశ్వరరావు మెట్ల మీద నిలబడి ఇదంతా చూశాడు.

"రాసుకోవయ్యా," అంది మంగతాయారు.

అతను ట్యాబును చంకలో పెట్టుకున్నాడు. "చార్జింగైపోయిందండి," అని కిందికి దిగిపోయాడు. చంకలోంచి ఎర్ర వెలుగు కనపడుతూనే ఉంది.

జైనబ్బీ ఒక కాజా కొరికి, గిన్నె మీది పేరును బొటనవేలితో ఒకసారి తడిమింది. "నీ గిన్నె రేపిచ్చేస్తానక్కా."

"తొందరేం లేదు," అని మంగతాయారు ఆ గుమ్మంలోనే చతికిలబడి, నాలుగు రోజుల మాటలు మొదలుపెట్టింది.